జూలై గాలి, డిసెంబరు నీళ్లు: హుస్సేన్ సాగర్‌లో రోయింగ్ ఎందుకు వెనకబడింది?

హుస్సేన్ సాగర్‌లో తెరచాప పడవలకు జూలై పండగ నెల. నైరుతి గాలి బలంగా వీస్తుంది కాబట్టే హైదరాబాద్ సెయిలింగ్ వీక్‌ను ఆ రోజుల్లో పెడతారు. తెడ్లతో పడవ నడిపే రోయింగ్‌కు అదే గాలి పగ. 2002 జాతీయ క్రీడల రోయింగ్ ఇక్కడ జరిగింది గాలి నెమ్మదించిన డిసెంబరులో. 2005 ఆసియా రోయింగ్ చాంపియన్‌షిప్‌కూ హైదరాబాదే వేదిక. ఒకే చెరువు మీద బతికే క్లబ్బుల్లో ఒకరికి గాలి కావాలి, ఇంకొకరికి వద్దు. ఇక్కడి రోయింగ్ చరిత్రను పతకాల పట్టికలో కాకుండా ఈ పేచీలో వెతకాలి.

పడవ సంగతి చూస్తే కారణం తెలుస్తుంది. ఒక్కరు నడిపే స్కల్ సుమారు 8 మీటర్ల పొడవు. పోటీ నిబంధనల ప్రకారం కనీస బరువు 14 కిలోలే. ఎనిమిది మంది పడవకు అది 96 కిలోలు. నీటి మట్టానికి పడవ అంచు జానెడు ఎత్తు కూడా ఉండదు, చిన్న అలకే నీళ్లు లోపలికొస్తాయి. పైగా ట్యాంక్‌బండ్ రాతి గోడ అలను మింగదు, వెనక్కి కొడుతుంది. పర్యాటకుల మోటారు బోట్లు లేపే అలలు దీనికి అదనం. అందుకే సాధన తెల్లవారుజామునే.

పోటీకి 2000 మీటర్ల తిన్నని దారి, ఒక్కో లేన్‌కు 13.5 మీటర్ల వెడల్పు, కనీసం 3 మీటర్ల లోతు కావాలి. లోతు తగ్గినచోట పడవ బరువెక్కినట్టు లాగుతుంది. లేన్ల మధ్య లోతు తేడా ఉంటే పందెం న్యాయంగా ఉండదు. కూకట్‌పల్లి, పికెట్, బంజారా, బల్కాపూర్ నాలాలు మోసుకొచ్చే పూడిక అన్నిచోట్లా ఒకేలా పేరుకోదు మరి.

గుర్రపుడెక్క చేసే నష్టం ఇంకా చికాకైనది. వేరు ముక్కో, ప్లాస్టిక్ సంచో పడవను తిన్నగా నడిపేందుకు అడుగున ఉన్న చిన్న రెక్క (ఫిన్)కు చుట్టుకుంటుంది. నడిపేవాడు మొదట తన తెడ్డులోనే తప్పుందనుకుంటాడు. పడవ ఒక పక్కకు లాగుతుంటే ఆపి, తెడ్లు వెనక్కి తోసి, నాలుగైదు మీటర్లు వెనక్కి పోనివ్వాలి. చాలాసార్లు చెత్త దానంతటదే ఊడుతుంది.

1560ల్లో ఇబ్రహీం కులీ కుతుబ్ షా కాలంలో నీటి అవసరాలకు కట్టిన చెరువిది. పూర్తి మట్టం సముద్ర మట్టం నుంచి 513.41 మీటర్లు. తూము ఎప్పుడు ఎత్తాలో వరద నిర్ణయిస్తుంది తప్ప రెగట్టా (పడవ పందేల) క్యాలెండర్ కాదు. అది సబబే. కానీ పోటీ వచ్చినప్పుడే డెక్క తీయించి, తర్వాత వదిలేసే అలవాటు మాత్రం సబబు కాదు. సెయిలింగ్‌కు ఏటా ఒక వారం మంచి గాలి దొరికితే పేరు నిలుస్తుంది. రోయింగ్ పిల్లలకు ఏడాదిలో కనీసం 200 ఉదయాలు శుభ్రమైన నీళ్లు కావాలి. ఆ 2000 మీటర్ల దారిలో వానాకాలం ముందొకసారి, నిమజ్జనం తర్వాత ఒకసారి ప్రతి 100 మీటర్లకూ తాడు వేసి లోతు కొలిస్తే చాలు, ఏ లేన్ పూడుతోందో తెలిసిపోతుంది. దానికి కావాల్సింది ఒక పడవ, ఇద్దరు మనుషులు, ఒక పూట.