పశువుల బాకీ మేస్త్రీ నెత్తిన

నెదర్లాండ్స్‌లో 2020 మార్చి 16 నుంచి ఒక రూలు నడుస్తోంది. ఉదయం 6 నుంచి రాత్రి 7 దాకా దాదాపు అన్ని హైవేల మీద కారు 100 కిలోమీటర్ల వేగం దాటకూడదు. అంతకుముందు చాలాచోట్ల 130 వరకు వెళ్లనిచ్చేవారు. ప్రమాదాలు తగ్గించడానికో, పెట్రోలు ఆదా చేయడానికో తెచ్చిన రూలు కాదిది. కార్ల పొగలోని నత్రజని కాస్త తగ్గితే, తగ్గిన మేరకు ఇళ్ల నిర్మాణానికి పర్మిషన్లు ఇవ్వొచ్చని ప్రభుత్వం వేసుకున్న లెక్క. ఊరి చివర నాలుగు ఇళ్లు లేవాలంటే జనం కార్లు నెమ్మదిగా నడపాల్సిన దేశం ఇంకొకటి ఉన్నట్టు మాకు తెలియదు. సముద్రాన్ని వెనక్కి నెట్టి నేల సంపాదించుకున్న డచ్ ఇంజినీర్లు ఆ నేల మీద ఇల్లు కట్టుకోలేక అవస్థ పడుతున్నారు.

అవస్థ ఎంత పెద్దదో అంకెలు చూస్తే తెలుస్తుంది. 2024లో ఆ దేశ జనాభా కోటీ 80 లక్షలకు చేరింది. సుమారు 4 లక్షల ఇళ్లు తక్కువ పడుతున్నాయి. ఏటా లక్ష ఇళ్లు కడతామని వరుసగా వచ్చిన ప్రభుత్వాలు చెబుతూనే ఉన్నాయి. 2024లో కొత్తగా కట్టినవి 69 వేల చిల్లర. 2022లో యూరోపియన్ సెంట్రల్ బ్యాంకు వడ్డీలు పెంచడం మొదలుపెట్టాక ఇళ్ల ధరలు కొన్నాళ్లు తగ్గినా మళ్లీ ఎగబాకి, 2024లో సగటు ఇంటి ధర 4.5 లక్షల యూరోలకు చేరింది. ఇప్పుడున్న యంత్రాలు, కంప్యూటర్ డిజైన్లు ఏవీ లేని 1973లో ఇదే దేశం ఒక్క ఏడాదిలో దాదాపు 1.55 లక్షల ఇళ్లు కట్టింది. అంటే చేతకాక కాదు. బామ్, ఫోల్కర్‌వెసెల్స్, హైమన్స్ లాంటి పెద్ద కంపెనీలకు పని తెలుసు, కొనేవాళ్లు క్యూలో ఉన్నారు. అయినా పనులు ముందుకు సాగడం లేదు. దీనికి వలస వచ్చినవాళ్లే కారణమని ఒక పక్షం, పర్యావరణ చట్టాలే కారణమని మరో పక్షం వాదించుకుంటున్నాయి. మా అభిప్రాయంలో రెండూ అసలు బాకీదారును తప్పించే వాదనలే.

ఆ బాకీ కథ పశువుల కొట్టంలో మొదలవుతుంది. తెలంగాణలో సగం కూడా లేని ఆ దేశంలో 38 లక్షల దాకా ఆవులు, కోటికి పైగా పందులు, కోట్ల కొద్దీ కోళ్లు ఉన్నాయి. వాటి పేడ, మూత్రం నుంచి లేచే అమ్మోనియా గాలిలో కలిసి తిరిగి అడవుల మీద, చిత్తడి నేలల మీద దిగుతుంది. అమ్మోనియాలో ఉండేది నత్రజని. అది మొక్కకు ఎరువే కదా, మంచిదే కదా అనిపిస్తుంది. పొలానికి మంచిదే. ఎరువు అక్కర్లేని, సారం తక్కువైన నేలల్లో మాత్రం అది గడ్డినీ ముళ్లపొదలనూ విపరీతంగా పెంచి, ఊదా రంగు పూల హెదర్ మొక్కలను మింగేస్తుంది. నేల పులిసి, అందులోని సున్నం కొట్టుకుపోతుంది. సున్నం లేక నత్తలు తగ్గుతాయి. నత్తల్ని తినే పిట్టలకు కాల్షియం అందదు. దేశం నడిమధ్య ఉన్న వేలువే అడవుల్లో గూట్లోనే కాళ్లు విరిగిన పిట్ట పిల్లలు, పెంకు సరిగా ఏర్పడని గుడ్లు శాస్త్రవేత్తల కంటబడ్డాయి. పర్యావరణవేత్తలు ఊరికే యాగీ చేస్తున్నారని కొట్టిపారేసేవాళ్లు ఈ పిట్టల సంగతి చదివితే బాగుంటుంది.

యూరప్ చట్టం ప్రకారం ఇలాంటి రక్షిత ప్రాంతాలను పాడుచేసే పనికి అనుమతి ఇవ్వకూడదు. దీన్ని దాటేయడానికి డచ్ ప్రభుత్వం 2015లో ఒక ఉపాయం పన్నింది. రాబోయే ఏళ్లలో కాలుష్యం ఎలాగూ తగ్గుతుంది, కాబట్టి ఆ తగ్గుదలను ఇప్పుడే లెక్కలో వేసుకుని అనుమతులు ఇచ్చేద్దాం అంది. సూటిగా చెప్పాలంటే అరువు బేరం. 2019 మే 29న కౌన్సిల్ ఆఫ్ స్టేట్ అనే అత్యున్నత పరిపాలనా న్యాయస్థానం ఆ బేరం చెల్లదంది. తగ్గించిన తర్వాత ఇవ్వండి, తగ్గిస్తామని చెప్పి కాదు అని తీర్పు. సుమారు 18 వేల ప్రాజెక్టులు ఎక్కడివక్కడ చిక్కుకున్నాయి. అంత జరిగినా బుద్ధి రాలేదు. 2021లో నిర్మాణ పనులకు మాత్రం మినహాయింపు అంటూ మరో చట్టం తెచ్చారు. 2022 నవంబరు 2న అదీ కొట్టుకుపోయింది. ఆ కేసులో ఉన్నది రోటర్‌డామ్ రేవు దగ్గర కార్బన్ డయాక్సైడును సముద్రం అడుగున పాతిపెట్టే పోర్థోస్ అనే ప్రాజెక్టు. వాతావరణాన్ని కాపాడే ప్రాజెక్టు మీద వేసిన కేసులో ఇళ్ల పర్మిషన్ల మినహాయింపు పోయిందన్నమాట.

నత్రజనిలో నిర్మాణ రంగం వాటా చూస్తే ఈ వ్యవహారం ఇంకా విడ్డూరంగా ఉంటుంది. ప్రొక్లెయిన్లు, క్రేన్లు, సిమెంటు లారీలు కలిపి ఆ దేశపు నేల మీద దిగే నత్రజనిలో ఒక శాతం కూడా కాదు. వ్యవసాయం వాటా 40 శాతం పైమాటే. కానీ పశువుల కొట్టం ఎప్పటినుంచో ఉన్నది. ఇల్లు కొత్తగా కట్టాల్సినది. అనుమతి కావాల్సింది కొత్తదానికి, కోర్టులో ఆగేదీ కొత్తదే. గ్లాసు అంచు దాకా నింపినవాడిని వదిలేసి ఆఖరి చుక్క పోసినవాడిని పట్టుకున్నట్టయింది. రోజూ ఎన్ని గంటలు ఏ ఇంజిను నడుస్తుంది, ఎన్ని లారీలు వచ్చిపోతాయి, ఆ పొగ ఎన్ని కిలోమీటర్ల అవతలి అడవి మీద ఎంత దిగుతుంది అని ప్రతి కాంట్రాక్టరూ ఇప్పుడు ఏరియస్ అనే ప్రభుత్వ సాఫ్ట్‌వేర్‌లో లెక్క కట్టాలి. ఫలితం దశాంశ బిందువు తర్వాత మూడో స్థానంలో తేడా కొట్టినా పేచీయే.

2019 అక్టోబరు 1న రైతులు ట్రాక్టర్లతో హేగ్ నగరాన్ని దిగ్బంధం చేశారు. అదే నెల 30న బిల్డర్లు ప్రొక్లెయిన్లు, లారీలు తోలుకొచ్చి మాలీఫెల్డ్ మైదానం నింపేశారు. ఒకరి వల్ల ఒకరు దెబ్బతింటున్న ఇద్దరూ వేర్వేరు రోజుల్లో వచ్చి ఒకే ప్రభుత్వాన్ని తిట్టి వెళ్లారు. రైతుల కోపానికి ఓట్లు పడ్డాయి. 2023 మార్చి ప్రాంతీయ ఎన్నికల్లో రైతు పార్టీ అందరినీ దాటి ముందుకొచ్చింది. పశువులను తగ్గించుకునే రైతులకు పరిహారం ఇవ్వడానికి 2035 దాకా వేల కోట్ల యూరోలు పక్కన పెట్టిన నిధిని 2024లో వచ్చిన ప్రభుత్వం రద్దు చేసింది. ఆ రైతులు దుర్మార్గులని మేము అనడం లేదు. ఎక్కువ ఆవులు పెట్టండి, ఎక్కువ పాలు ఎగుమతి చేయండి అని దశాబ్దాల పాటు బ్యాంకులు అప్పులిచ్చాయి, ప్రభుత్వాలు ప్రోత్సహించాయి. ఇప్పుడు తగ్గించుకోమంటే ఆ అప్పు ఎవరు కడతారన్నది న్యాయమైన ప్రశ్న. దానికి జవాబుగా ఉన్న డబ్బును తీసేయడమే అన్యాయం.

కరెంటుది మరో తలనొప్పి. గ్రోనింగెన్ గ్యాస్ క్షేత్రం వల్ల భూకంపాలు వచ్చి ఇళ్లు బీటలు వారడంతో అక్కడ తవ్వకాలు ఆపేశారు. 2018 జూలై నుంచి కొత్త ఇళ్లకు గ్యాస్ కనెక్షన్ ఇవ్వడం లేదు. చలికాలం వెచ్చదనానికి హీట్ పంపు కావాలి, దానికి కరెంటు కావాలి. తీగల్లో చోటు లేదు. కనెక్షన్ కోసమో, ఉన్నది పెంచుకోవడం కోసమో పది వేలకు పైగా సంస్థలు వెయిటింగ్ లిస్టులో ఉన్నాయి. డీజిల్ పొగ తగ్గించడానికి బ్యాటరీ ప్రొక్లెయిన్లు కొనమని ప్రభుత్వం సబ్సిడీ ఇస్తోంది. కొన్నవాడికి సైటులో చార్జింగ్ పెట్టుకోవడానికి లైను దొరకదు.

వీటికి ముందే ఇంకో తప్పు జరిగింది, దాని గురించి తక్కువ మాట్లాడతారు. 2008 ఆర్థిక సంక్షోభం తర్వాత ఇళ్ల సమస్య తీరిపోయిందన్న ధీమాతో 2010లో గృహనిర్మాణ మంత్రిత్వ శాఖనే ఎత్తేశారు. 2013 నుంచి 2022 దాకా, అద్దె ఇళ్లు కట్టే సంఘాల మీద ప్రత్యేక పన్ను వేశారు. సామాన్యులకు తక్కువ అద్దెకు ఇచ్చే దాదాపు 23 లక్షల ఇళ్లు ఈ సంఘాలవే. మార్కెట్ పడిపోయినప్పుడు కూడా ఆపకుండా కట్టాల్సింది వాళ్లే, వాళ్ల డబ్బే లాగేసుకున్నారు. 2014లో కట్టిన కొత్త ఇళ్లు 45 వేలే. పనిలేక మేస్త్రీలు, వడ్రంగులు వేరే పనులు చూసుకున్నారు, చాలామంది తిరిగి రాలేదు. ఇప్పుడు పోలండ్, రుమేనియా కూలీలు రాకపోతే సైటు తెరుచుకోని పరిస్థితి. ఆమ్‌స్టర్‌డామ్‌లో సంఘం ఇల్లు రావాలంటే పదేళ్లకు పైగా ఆగాలి.

అయితే డచ్ కాంట్రాక్టర్లు నోట్లో వేలు పెడితే కొరకలేని అమాయకులేమీ కారు. 2001లో ఆద్ బోస్ అనే ఒక కంపెనీ మాజీ డైరెక్టర్ దొంగ లెక్కల పుస్తకాలు బయటపెట్టారు. టెండరు వేయకముందే కంపెనీలు రింగై, పని ఎవరికి, రేటెంత, మిగతావాళ్ల వాటా ఎంత అని మాట్లాడుకుని రాసిపెట్టుకున్న లెక్కలవి. పార్లమెంటు స్వయంగా విచారణ జరిపింది. మన దగ్గర ఏ కాలువ పనుల గురించో చదివినట్టే ఉంటుంది.

ఇంతకంటే ఆలోచించాల్సింది ఐండ్‌హోవెన్ విమానాశ్రయం దగ్గర జరిగింది. 2017 మే 27, శనివారం సాయంత్రం, దాదాపు పూర్తయిన పార్కింగ్ భవనంలో ఒక భాగం పై అంతస్తు నుంచి కింది దాకా కూలింది. పనివాళ్లు లేని సమయం కాబట్టి ఒక్కరికీ దెబ్బ తగల్లేదు. ఆ స్లాబు పద్ధతి ఇలా ఉంటుంది. ఫ్యాక్టరీలో పోసిన పలుచటి కాంక్రీటు పలకలను పక్కపక్కన పేర్చి, పైన ఇనుము కట్టి, బరువు తగ్గించే బోలు బంతులు పెట్టి, సైటులో మిగతా కాంక్రీటు పోస్తారు. ఇక్కడ ఆ పలకలను మామూలుగా పెట్టే దిశకు అడ్డంగా తిప్పి పెట్టారు. దాంతో రెండు పలకల మధ్య అతుకు సరిగ్గా ఒత్తిడి ఎక్కువ పడే చోటికి వచ్చింది. పలక పైభాగం నున్నగా ఉండటంతో కొత్త కాంక్రీటు గట్టిగా పట్టుకోలేదు. ఆ రోజు ఎండ కాసి స్లాబు వేడెక్కేసరికి అతుకు విడిపోయింది. తర్వాత దేశంలో అదే రకం స్లాబులున్న భవనాలను వెతికి తనిఖీ చేయాల్సి వచ్చింది. డిజైను ఒకరిది, పలకలు ఒకరివి, పోత ఒకరిది, మొత్తం చూసుకునేవాడు ఎవడూ లేడని దర్యాప్తు సంస్థ తేల్చింది. బయటి నిపుణుడు నాణ్యతను సర్టిఫై చేయాలన్న చట్టం 2024 జనవరి 1 నుంచి, ముందుగా చిన్న ఇళ్లకు అమల్లోకి వచ్చింది. ఇళ్లు త్వరగా కట్టాలంటే రూల్స్ కత్తిరించాలి అంటున్న నాయకులు ఏ రూలు కత్తిరిస్తారో కూడా చెప్పాలి. పార్కింగ్ స్థలం ఇంత ఉండాలన్న రూలు తీసేస్తే నష్టమేమీ లేదు. అతుకు దగ్గర ఇనుము ఎంత ఉండాలన్నది ముట్టుకోకూడదు.

తెలుగు పత్రికకు ఈ గొడవంతా ఎందుకని ఎవరైనా అడగొచ్చు. ఐండ్‌హోవెన్ పక్కన వెల్ధోవెన్‌లో చిప్ యంత్రాలు తయారుచేసే ఏఎస్ఎంఎల్‌లో, ఆమ్‌స్టల్‌వేన్ చుట్టుపక్కల ఐటీ కంపెనీల్లో మనవాళ్లు పనిచేస్తున్నారు. ఏఎస్ఎంఎల్ దేశం దాటిపోతుందేమోనన్న భయంతో 2024లో డచ్ ప్రభుత్వం ఐండ్‌హోవెన్ ప్రాంతంలో ఇళ్లు, రోడ్లు, చదువులు, కరెంటు కోసం 250 కోట్ల యూరోల ప్యాకేజీ ప్రకటించింది. చదువుకోవడానికి వెళ్లే పిల్లలకైతే, గది దొరికితేనే రండి అని అక్కడి యూనివర్సిటీలే చెబుతున్నాయి. సీటు వచ్చింది, వీసా వచ్చింది అని టికెట్ కొనేసే ముందు తల్లిదండ్రులు ఈ మాట సీరియస్‌గా తీసుకోవాలి. దేశమంతా తిరిగి ఆనకట్టలు, కాలువలు కట్టిన పాలమూరు కూలీకి మాత్రం ఈ కొరత వల్ల ఒరిగేదేమీ లేదు. యూరప్ బయటివాళ్లకు అక్కడ తలుపు తెరిచేది ఎక్కువగా డిగ్రీకి, పెద్ద జీతానికే. తాపీ పట్టినవాడికి దుబాయ్ దారే.

2025 అక్టోబరు 29 ఎన్నికల్లో ఇళ్లు పెద్ద అంశం అయ్యాయి. పది కొత్త నగరాలు కడతామన్న డీ66 పార్టీ ముందు వరసలో నిలిచింది. వినడానికి బాగుంది. సముద్రం నుంచి తెచ్చుకున్న నేల మీద కట్టిన అల్మెరెకు తొలి కుటుంబాలు చేరింది 1976లో. ఇవాళ అక్కడ రెండు లక్షల మందికి పైగా ఉన్నారు, కానీ దానికి యాభై ఏళ్లు పట్టింది. అప్పుడు కరెంటు తీగల్లో చోటుంది, నత్రజని లెక్కలు లేవు. ఇప్పుడు ఫ్రీస్‌లాండ్‌లోని హేరెన్‌వేన్ లాంటి చోట్ల ఫ్యాక్టరీల్లో గోడలు, గదులు తయారై లారీ మీద వస్తున్నాయి. సైటులో పొగ తగ్గుతుంది, పని త్వరగా అవుతుంది, కూలీలు తక్కువ సరిపోతారు. ఈ దారి మంచిదే. కానీ ఫ్యాక్టరీకి ఏడాది పొడుగునా ఆర్డర్లు ఉండాలి. ఒక ప్రాజెక్టు కోర్టులో ఆగితే మామూలు కాంట్రాక్టరు మనుషుల్ని వేరే సైటుకు పంపుకుంటాడు, ఫ్యాక్టరీ మాత్రం ఖాళీగా అద్దె కడుతూ కూర్చోవాలి. అందుకే కొత్త నగరాల మ్యాపులకంటే ముందు, అద్దె ఇళ్ల సంఘాలకు పదేళ్లకు సరిపడా స్థిరమైన నిధి, రక్షిత అడవుల పక్కనున్న పశువుల కొట్టాలకు గౌరవంగా పరిహారం, అలా తగ్గిన నత్రజనిలో ఇళ్లకు చట్టబద్ధంగా కేటాయించిన వాటా కావాలి.

దీనికి గడువు కూడా ఉంది. 2025 జనవరిలో హేగ్ కోర్టు పర్యావరణ సంస్థ గ్రీన్‌పీస్ వేసిన కేసులో తీర్పిచ్చింది. నత్రజనికి దెబ్బతినే ప్రకృతి ప్రాంతాల్లో సగమైనా 2030 ఆఖరుకల్లా ప్రమాద స్థాయి కిందికి రావాలి, లేకపోతే ప్రభుత్వం కోటి యూరోలు జరిమానా కట్టాలి. ప్రభుత్వం అప్పీలుకు వెళ్లింది.