డాలెక్‌ను గీసినందుకు వంద పౌండ్లు ఎక్కువే

రేమండ్ క్యూసిక్ అనే పెద్దమనిషికి బీబీసీ అన్యాయం చేసిందని ఏళ్ళ తరబడి ఒక ప్రచారం నడుస్తోంది. బీబీసీలో నెలజీతానికి సెట్లు గీసిన లండన్ డిజైనర్ ఆయన. 1963లో మొదలైన 'డాక్టర్ హూ' అనే సైన్స్ ఫిక్షన్ టీవీ సీరియల్ కోసం డాలెక్‌ను కాగితం మీద పుట్టించింది ఆయనే. మీద బోర్లించిన గిన్నెలాంటి తల, కింద వరసగా బుడిపెలు, చేతుల చోట రెండు గొట్టాలు, నోరు తెరవకుండానే అందర్నీ చంపేస్తామని గీపెట్టుకుంటూ తిరిగే లోహపు ప్రాణి, అదే. దానికిగాను ఆయనకు జీతం కాక అక్షరాలా వంద పౌండ్లు ముట్టాయి. 'బ్లూ పీటర్' అనే పిల్లల కార్యక్రమం వారి బంగారు బ్యాడ్జీ కూడా దక్కింది. ఇంతకంటే ఏం కావాలో నాకైతే అర్థం కాదు.

సంస్థ తరఫున మాట్లాడేవాడు ఒక్కడూ లేడు కాబట్టి ఆ భారం నేను నెత్తికెత్తుకుంటున్నాను.

ముందు ఆయన చేసిన పని ఏపాటిదో చూద్దాం. కథ రాసిన టెర్రీ నేషన్ స్క్రిప్టులోనే నాలుగు ముక్కలు రాసిచ్చాడు. కాళ్ళుండవు, జారుకుంటూ పోతాయి, మనిషి పోలిక ఒక్కటీ ఉండదు, వంగే కాడ చివర కన్నుగా ఒక లెన్సు, చేతులకు బదులు యంత్రపు పట్లు. అసలు కష్టమంతా అక్కడితో అయిపోయింది. మిగిలిందంతా చిల్లర పని. అది ఎంత ఎత్తుండాలి, లోపల ఎవరుండాలి, ఎలా కదలాలి, దేనితో చేయాలి, ఎంతలో తెమల్చాలి, దాన్ని చూసి పిల్లలు సోఫా వెనక ఎందుకు దాక్కోవాలి, ఇలాంటివి.

ఈ చిల్లర పనిలో క్యూసిక్ చూపించిన అతితెలివి చూడండి. లోపల యంత్రం పెడితే సరిగ్గా షాట్ టైముకే మొరాయిస్తుంది, మనిషిని పెడితే నమ్మకంగా పనిచేస్తాడు అనుకున్నాడు. మనిషి అంతసేపు లోపల ఉండాలంటే కూర్చోవాలి కదా. అందుకని ముందు కూర్చున్న మనిషిని గీసి, అతని చుట్టూ గీత లాగాడు. డాలెక్ కింది భాగం ముందుకు పొడుచుకొచ్చి ఉండేది గ్రహాంతర విజ్ఞానం వల్ల కాదు, మోకాళ్ళు పట్టాలని. మెడ దగ్గర జాలీ లోపలివాడు బయటికి చూసుకోవడానికి. తల మీద రెండు దీపాలు ఎందుకంటే, అన్నీ ఒకే అచ్చు, నోరు దేనికీ లేదు, ఏది మాట్లాడుతోందో తెలియాలి మరి. గొంతు మైకు దగ్గర వేరే నటుడు ఇస్తుంటే, లోపలివాడు మాట మాటకీ స్విచ్చి నొక్కి దీపం వెలిగించాలి. కింద కనపడకుండా చిన్న చక్రాలున్నాయి గానీ ఇంజను మాత్రం లోపలివాడి కాళ్ళే. విశ్వాన్ని గడగడలాడించిన ఆ మహాయంత్రంలో ఉన్నది, కూర్చున్నచోటి నుంచే కాళ్ళతో నేలను తోసుకుంటూ చెమటలు కక్కుతున్న ఒక చిన్న నటుడు.

చేతి సంగతి మరీ విచిత్రం. స్క్రిప్టు యంత్రపు పట్టు అడిగింది, బడ్జెట్ కుదరదంది. చివరికి సింకు పూడుకుపోతే వాడే రబ్బరు ప్లంజర్ తగిలించి పంపారు. సాటి జీవరాశినంతా తుడిచిపెట్టడానికి బయల్దేరిన జాతి చేతిలో ప్లంబర్ సామాను! అక్స్‌బ్రిడ్జ్‌లోని షాక్రాఫ్ట్ అనే వర్క్‌షాపు నాలుగంటే నాలుగు డాలెక్‌లు చేసిచ్చింది. నగరం నిండా అవే ఉన్నట్టు కనిపించాలంటే వాటి నిలువెత్తు ఫొటోలు వెనకాల నిలబెట్టారు. టీవీలు అప్పట్లో చిన్నవి, బొమ్మ నలుపు తెలుపు, ఎవరూ పట్టుకోలేదు.

వర్క్‌షాపు ఆయనతో భోజనం చేస్తూ, ఇది ఎలా కదలాలో చెప్పడానికి క్యూసిక్ బల్ల మీదున్న మిరియాల డబ్బా తీసుకుని అటూ ఇటూ జరిపి చూపించాడట. అంతే, డాలెక్‌ను మిరియాల డబ్బా చూసి గీశాడని లోకం తీర్మానించేసింది. కాదు మొర్రో అని ఆయన తర్వాత ఎంత చెప్పుకున్నా ఎవరూ వినలేదు. వినకపోవడమే మంచిది. మిరియాల డబ్బా ఎప్పుడూ రాయల్టీ అడగదు.

అసలు ఈ పని ఆయనకు రావలసిందే కాదు. మొదట వేసింది బీబీసీలోనే ఉన్న ఇంకో కుర్ర డిజైనర్‌ను. అతనికి డేట్లు కుదరలేదు. ఆ కుర్రాడి పేరు రిడ్లీ స్కాట్. డేట్లు కుదరని మనిషి యాడ్ ఫిల్ములు తీసి, హాలీవుడ్ వెళ్ళి, 1979లో 'ఏలియన్' తీసి, సర్ బిరుదు కూడా పుచ్చుకున్నాడు. డేట్లు కుదిరిన మనిషికి వంద పౌండ్లు. ఆఫీసులో పిలిచినప్పుడు ఖాళీగా దొరకడం ఎంత ప్రమాదమో కెరీర్ గురించి సలహాలిచ్చేవాళ్ళు ఎందుకు చెప్పరో తెలియదు.

ఇక డబ్బు సంగతి. 1963 డిసెంబరు 21న వచ్చిన భాగం చివర్లో ప్లంజర్ ఒక్కటే చూపించి ఆపేశారు. డాలెక్ నిండుగా తెర మీదికొచ్చింది వారం తర్వాత, 28న. డ్రామా విభాగం పెద్ద సిడ్నీ న్యూమన్‌కు ఇలాంటి మిడిగుడ్ల రాక్షసులంటే ఒళ్ళుమంట, సీరియల్లో అవి ఉండకూడదని ముందే చెప్పాడు కూడా. ఆ కథ ఏడు భాగాలూ అయ్యేసరికి చూసేవాళ్ళు కోటి దాటారు. న్యూమన్‌గారి సిద్ధాంతం కూడా చల్లబడింది. 1965కల్లా బొమ్మలు, పుస్తకాలు, సినిమా, బ్రిటన్‌లో ఏ పిల్లాడి ఇంట చూసినా డాలెక్‌లే. ఆ రాబడిలో టెర్రీ నేషన్‌కు వాటా వచ్చింది. ఆయన ఉద్యోగి కాదు, బయటి రచయిత. పైగా బెరిల్ వర్ట్యూ అనే గట్టి ఏజెంటు ఆయన వెనక ఉంది. ఆయన కెంట్‌లో పాతకాలపు భవంతి కొనుక్కున్నాడు. క్యూసిక్ వెనక ఏజెంటు లేదు, సర్వీసు రూల్సు ఉన్నాయి.

సొమ్మొకడిది సోకొకడిది అని మనవాళ్ళు తేలిగ్గా అనేస్తారు గానీ, అకౌంట్స్ సెక్షన్ వైపు నుంచి ఒక్కసారి ఆలోచించండి. ఇవాళ డిజైనర్‌కు రాయల్టీ ఇస్తే రేపు బుడిపెలు అంటించినవాడు వస్తాడు. ఎల్లుండి లోపల కూర్చుని కాళ్ళు నొప్పెట్టినవాడు వస్తాడు. అయినా, క్యూసిక్ గీసిన సెట్లలో ఎవరికీ గుర్తులేనివి బోలెడున్నాయి కదా, వాటికి తీసుకున్న జీతం ఎప్పుడైనా వెనక్కిచ్చాడా? లాభంలో వాటా అడిగేవాడు నష్టంలోనూ భుజం పట్టాలి. ఈ సూత్రం ఆఫర్ లెటర్ ఆఖరి పేజీల దాకా చదవకుండా సంతకం పెట్టి హైదరాబాద్ నుంచి డల్లాస్ దాకా కోడ్ రాస్తున్న మనవాళ్ళకు విడమరచి చెప్పనక్కర్లేదు. వాళ్ళకు బ్యాడ్జీ చేరిన రోజే ఇచ్చేస్తారు, అదొక్కటే తేడా.

బీబీసీ ఈ విషయంలో పేదా గొప్పా చూడలేదని కూడా చెప్పాలి. అదే సీరియల్లో డాక్టర్ తిరిగే కాలయంత్రం పైకి నీలం రంగు పోలీసు పెట్టెలా ఉంటుంది. ఫోను చేసి పోలీసులను పిలవడానికి ఒకప్పుడు లండన్ వీధుల్లో నిజంగానే ఉండేవి అవి. 1929లో ఆ నమూనా గీసింది గిల్బర్ట్ మెకంజీ ట్రెంచ్, మెట్రోపాలిటన్ పోలీసుల దగ్గరి సర్వేయరు, అంటే ఆయనా నెలజీతగాడే. 1990లలో ఆ పెట్టె ఆకారాన్ని తన ట్రేడ్‌మార్కుగా ఇమ్మని బీబీసీ దరఖాస్తు పెట్టుకుంది. అది మాది గదా అని పోలీసులు అడ్డుపడ్డారు. 2002లో తీర్పు బీబీసీకే అనుకూలంగా వచ్చింది. లండన్ పోలీసులే తమ పెట్టె తాము కాపాడుకోలేకపోయారు. ఒక డిజైనర్ ఎంత?

ఆ తర్వాత క్యూసిక్ ఏం చేశాడని మీరు అడగరు. ఎవరూ అడగలేదు కూడా. 1966తో ఆ సీరియల్ వదిలేశాడు, బీబీసీని వదల్లేదు. 1974లో 'ది పాలిసర్స్', ఆ తర్వాత 'ది డచెస్ ఆఫ్ డ్యూక్ స్ట్రీట్' లాంటి పాతకాలపు కథల ధారావాహికలకు డిజైనర్‌గా పనిచేశాడు. దొరల డ్రాయింగు రూములు, వంటిళ్ళు, హోటల్ వరండాలు. ఇది డాలెక్‌కంటే కష్టమని నా అనుమానం. డాలెక్‌ను తప్పుగా గీశావనడానికి ఎవరూ డాలెక్‌ను చూసి ఉండరు. విక్టోరియా కాలపు కుర్చీ కాలు వంకర తప్పితే మాత్రం ఉత్తరం రాసే రిటైర్డు కల్నల్ ప్రతి ఊళ్ళో ఒకడుంటాడు. బాగా కుదిరిన గదిని మాత్రం ఎవరూ గమనించరు, గది అంటే అలాగే ఉంటుంది అనుకుంటారు. షూటింగ్ అయిన రాత్రే పెళ్ళి పందిరిలా విప్పేసి లారీకెత్తేస్తారు, పొద్దున ఆ చోట ఇంకో కార్యక్రమం సెట్టు నిలబడుతుంది. మూడు దశాబ్దాల కళ్ళెదుటి పనికి ఒక్క ఆనవాలూ ఉండకపోవడం స్టోరు రూముకు ఎంత ఆదానో లెక్కకట్టినవాళ్ళు లేరు.

ఆయన 2013 ఫిబ్రవరిలో, 84వ ఏట పోయాడు. అప్పుడు పత్రికలన్నీ డాలెక్‌కు రూపమిచ్చింది ఈయనేనని పెద్దక్షరాలతో రాశాయి. అప్పటికి ఆయన ఏమీ అడిగే స్థితిలో లేడు కనుక రాయడంలో ఇబ్బంది లేదు.

ప్రభుత్వం గుర్తించలేదనే ఫిర్యాదు ఒక్కటి మిగిలింది. అదీ నిజం కాదు. 1999లో బ్రిటన్ తపాలా శాఖ వినోదరంగం పేరుతో నాలుగు బిళ్ళలు వేసింది. ఫ్రెడీ మెర్క్యురీ, చార్లీ చాప్లిన్, ఫుట్‌బాల్ కెప్టెన్ బాబీ మూర్, వాళ్ళ పక్కన డాలెక్. ఆ డాలెక్‌ను ఫొటో తీసినాయన పేరు కూడా అందరికీ చెప్పారు, లార్డ్ స్నోడన్ అని, అప్పటి రాణి ఎలిజబెత్‌గారి చెల్లెలి మాజీ భర్త. ఎంత డాలెక్ అయినా, లైటింగు కుదరాలి గదా.