లేని రాయికి ఉన్న ఉపయోగాలు

ఖనిజశాస్త్ర గ్రంథాల్లో ప్రతి రాయికీ ఒక పట్టిక ఉంటుంది. రంగు, మెరుపు, సాంద్రత, కాఠిన్యం, దొరికే చోటు, చివరన ఉపయోగాలు. పరుసవేదికి ఎవరూ ఆ మర్యాద చేయలేదన్న బాధతో ఒక పట్టిక గీసుకుని కూర్చున్నాను. రంగు గడి ఖాళీ. సాంద్రత గడి ఖాళీ. టాల్కుకు 1, వజ్రానికి 10 అని 1812లో మోస్ పండితుడు వేసిన కాఠిన్యపు మెట్లలో దీనిది ఏ మెట్టో గీసి చూసినవారు లేరు. దొరికే చోటు సంగతి అడగవద్దు. ఉపయోగాల గడి మాత్రం నిండిపోయి, కాగితం అంచు దాటి బల్ల మీదికి వచ్చింది. ఇనుమును బంగారం చేస్తుంది, రోగాలు కుదురుస్తుంది, ముసలితనాన్ని వెనక్కి పంపుతుంది. ఉన్న రాళ్ళలో ఒక్కదానికీ ఇంతటి యోగ్యతాపత్రం లేదు. ఉండకపోవడమే ఈ ఖనిజానికి ప్రధాన గుణమనీ, తక్కిన గుణాలన్నీ దాని నుంచే పుట్టాయనీ నేను గట్టిగా నమ్ముతున్నాను.

పాలకులు దీన్ని పట్టించుకోలేదనడం అన్యాయం. బంగారాన్నీ వెండినీ ‘వృద్ధి చేయడం’, అంటే వేరే లోహాలను బంగారంగా, వెండిగా మార్చడం, నేరమని 1404లో, నాలుగో హెన్రీ ఏలుబడిలో, ఇంగ్లండు చట్టం చేసింది. ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం అంటారే, ఇక్కడ సోమలింగానికి శిక్ష కూడా ముందే ఖరారైంది. తరవాత ఆరో హెన్రీ కొందరు రసవాదులకు ఆ చట్టం నుంచి మినహాయింపు పత్రాలు ఇచ్చాడు. ఎవరికీ చేతకాని పనిని నిషేధించడం ఒక ఎత్తు, దానికి అనుమతులు మంజూరు చేయడం మరొక ఎత్తు. పరిపాలనాదక్షత అంటే అదీ. 1689లో రద్దయ్యేదాకా, 285 ఏళ్ళలో, ఆ నేరాన్ని పూర్తి చేయగలిగినవాడు ఒక్కడూ లేడు. అంత పకడ్బందీగా అమలైన చట్టం ఇంకొకటి ఉంటే చూపించండి.

ఇక వాడకం. పట్టిందల్లా బంగారం కావాలని దీవించే పెద్దలు అది నిజమైతే ఏమవుతుందో ఆలోచించినట్టు లేదు. రాయిని పట్టుకునే పటకారే ముందు బంగారమవుతుంది, కాబట్టి కొయ్య పటకారు తప్పనిసరి. బంగారం మెత్తన, మోస్ మెట్ల మీద మూడో మెట్టు కూడా ఎక్కలేదు. నాగలి కర్రు బంగారమైతే అది నేలను దున్నదు, నేలే దాన్ని దున్నుతుంది. కత్తి తెగదు, సూది దిగదు, మేకు సుత్తిని చూసే వంగిపోతుంది. పొరపాటున ఇనప్పెట్టెకు తాకించామా, దాన్ని దాచుకోవడానికి ఇంకో ఇనప్పెట్టె కావాలి. లోకంలోని ఇనుమంతా ఇలా మారిపోయాక బంగారం చవకై ఇనుము ప్రియమవుతుంది. అప్పుడు బంగారాన్ని ఇనుము చేసే రాయి కోసం ఇంకో వెయ్యేళ్ళు వెతకాలి.

వెతకడం దండగ అనను. 1669లో హాంబర్గులో హెన్నిగ్ బ్రాండ్ అనే పెద్దమనిషి పరుసవేదిని మూత్రంలో వెతికాడు. అదీ పచ్చన, బంగారమూ పచ్చన. ఇంతకన్నా ఆధారం ఏం కావాలి? పీపాల కొద్దీ పోగుచేసి, మరగకాచి, మిగిలిన మడ్డిని భగ్గున కాల్చాడు. (ఆ రోజుల్లో పొరుగువాళ్ళు కిటికీలు తెరిచే ఉంటారనుకోను.) చివరికి దొరికింది చీకట్లో వెలిగే మైనంలాంటి పదార్థం. దాన్నే ఇప్పుడు భాస్వరం అంటున్నాం, దాని సమ్మేళనాలను ఎరువులుగా పొలాలకు వేస్తున్నాం. అంటే మూత్రంలో బంగారం లేకపోయినా పంట ఉందని తేలింది. ఆ మాట రైతును అడిగినా చెప్పేవాడు, కట్టెలు మిగిలేవి.

సీసం బంగారం కాదు అనేవాళ్ళకూ జవాబుంది. జెనీవా దగ్గర 27 కిలోమీటర్ల చుట్టుకొలత గల సొరంగంలో సీసపు కేంద్రకాలను దాదాపు కాంతివేగంతో ఎదురెదురుగా తోలుతారు. ఒకదాన్నొకటి గుద్దుకోకుండా పక్కనుంచి పోయేటప్పుడు కొన్ని మూడేసి ప్రోటాన్లను జారవిడుచుకుంటాయి. సీసానికి ఉన్న 82 ప్రోటాన్లలోంచి మూడు పోతే 79, అంటే బంగారం. 2015 నుంచి 2018 వరకు ఇలా తయారైనది 29 పికోగ్రాములని ఆ సొరంగాన్ని నడిపే సెర్న్ పరిశోధనశాల శాస్త్రవేత్తలు 2025లో లెక్క చెప్పారు. పికోగ్రాము అంటే గ్రాములో లక్ష కోట్లవ వంతు. అదైనా చేతికి రాదు. రెప్పపాటు లోపే గొట్టం గోడకు తగిలి ముక్కలైపోతుంది. కంసాలి భాషలో చెప్పాలంటే తరుగు నూటికి నూరు. మజూరీ ఎంతని మాత్రం అడగవద్దు.

నిజంగా ఉన్న పదార్థానికి మహిమలు అంటగడితే ఏమవుతుందో రేడియం చూపించింది. 1920లలో అమెరికాలో రేడియం కలిపిన నీళ్ళను సీసాలకెత్తి దివ్యౌషధమని అమ్మారు. వాటిని వదలకుండా తాగిన ఒక సంపన్నుడు దవడ ఎముక పుచ్చిపోయి 1932లో చనిపోయాడు. లేని రాయి ఇంతవరకు ఎవరి దవడ జోలికీ పోలేదు.

మన శమంతకమణి చరిత్ర చూసినా అంతే. రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇస్తుంది, ఉన్నచోట కరువు రానివ్వదు. మెడలో వేసుకుని వేటకు వెళ్ళిన ప్రసేనుణ్ణి మాత్రం సింహం చంపింది. సింహాన్ని జాంబవంతుడు చంపాడు. నింద శ్రీకృష్ణుడికి చుట్టుకుంది. అది వదిలించుకోవడానికి ఆయన గుహలో 28 రోజులు పోరాడవలసి వచ్చింది. మణి తిరిగి ఇల్లు చేరిన తరవాత సత్రాజిత్తు దాని కోసమే నిద్రలో హతమయ్యాడు. ఇంతమందిలో దాన్ని సరైన పనికి వాడినవాడు జాంబవంతుడు ఒక్కడే. పసిబిడ్డ ఆడుకోవడానికి ఇచ్చాడు.

నా పట్టికలో ఉపయోగాల గడిలో ఉన్నవన్నీ కొట్టేసి, ఆ ఒక్కటి రాసుకున్నాను. కాఠిన్యం గడి ఇంకా ఖాళీగానే ఉంది. ఆ బిడ్డ కొరికి చూసే ఉంటుంది, అడగడానికి ఎవరూ లేరు.