ఇంతకీ డ్యూరిన్ తిథి ఎప్పుడు?

టోల్కీన్ నవల, 1937లో అచ్చయిన 'ద హాబిట్' చదివినవాళ్లందరూ తప్పు డ్రాగన్ మీద వేస్తారు. స్మాగ్ అనే ఆ డ్రాగన్ ఒంటికొండను ఆక్రమించి, మరుగుజ్జుల బంగారమంతా పోగేసి దానిమీద పడుకున్న మాట నిజమే. కానీ డ్రాగన్ పని డ్రాగన్ చేసింది. నా ఫిర్యాదు మరుగుజ్జుల మీద. అంత రాజ్యం ఏలినవాళ్లు గోడకి ఒక్క పంచాంగం తగిలించుకోలేదు.

కొండకి ఒక దొడ్డిదారి ఉంది. తలుపు ఉన్నట్టే తెలియదు, తాళం కన్నం అసలే కనపడదు. డ్యూరిన్ దినాన, పొద్దు కుంకే ముందు చివరి వెలుగు పడితేనే అది బయటపడుతుంది. ఆ దినం ఏదయ్యా అంటే, శరత్కాలంలో వచ్చే ఆఖరి చాంద్రమాసంలో మొదటి రోజు మరుగుజ్జులకి సంవత్సరాది. ఆ రోజు నెలపొడుపు, సూర్యుడు ఒకేసారి ఆకాశంలో కనపడితే అది డ్యూరిన్ దినం. అంటే వాళ్ల ఉగాది అన్నమాట! అదెప్పుడొస్తుందో లెక్కగట్టే విద్య ఈ కాలంలో మా దగ్గర లేదని కొండని మళ్లీ దక్కించుకోవడానికి బయల్దేరిన మరుగుజ్జుల నాయకుడు థోరిన్ తన నోటితోనే ఒప్పుకుంటాడు. సాక్షాత్తూ రాజుగారి మనవడు. తన ఉగాది ఎప్పుడో తనకి తెలియని జాతికి రాజ్యం పోక ఏమవుతుంది?

ఇక ఆ సంగతి రాసిపెట్టిన తీరు చూడండి. థోరిన్ దగ్గరున్న కొండ పటం మీద చంద్రాక్షరాలతో రాశారు. అవి మామూలుగా కనపడవు. ఏ రుతువులో, ఏ ఆకారంలో చంద్రుడుండగా రాశారో, మళ్లీ అదే రుతువులో అదే చంద్రుడు వెనకనుంచి వెలుగిస్తేనే కనపడతాయి. నడివేసవి పండగ ముందురోజు రాత్రి దారిలో వాళ్లకి ఆతిథ్యమిచ్చిన ఎల్‌రాండ్ ఆ పటాన్ని యథాలాపంగా పైకెత్తి పట్టుకోబట్టి సరిపోయింది. అంటే ఒక తిథికి తలుపు తెరుచుకుంటుందని ఇంకో తిథికి తెలుస్తుంది. మన సచివాలయాల్లో కూడా ఇంత పకడ్బందీ సర్క్యులర్ నేను చూడలేదు.

మనవాళ్లు వెలుగుతో ఇలాంటి ఏర్పాట్లు చేయలేదా? అరసవల్లిలో మార్చి 9, 10 తేదీల్లోనూ, అక్టోబరు మొదట్లోనూ పొద్దున్నే కిరణాలు వచ్చి సూర్యనారాయణమూర్తి పాదాలు తాకుతాయి. నాగలాపురం వేదనారాయణస్వామి గుడిలో సాయంత్రపు ఎండ మొదటిరోజు పాదాల మీద, రెండోరోజు నాభి మీద, మూడోరోజు నుదుటి మీద పడుతుంది. కట్టినవాళ్లు సూర్యుణ్ణి మాత్రమే నమ్ముకున్నారు కాబట్టి ఏటా దాదాపు అవే తేదీలు. బస్సు టికెట్ ముందే తీసుకోవచ్చు. నాగలాపురంలో ఒకరోజు మబ్బు పట్టినా ఇంకో రెండు రోజులుంటాయి.

మరుగుజ్జులు చంద్రుణ్ణి కూడా ఇందులోకి లాగారు. చాంద్రమాన సంవత్సరం సుమారు 354 రోజులు, సూర్యుడి లెక్కకి పదకొండు రోజులు తక్కువ. అందుకే మనకి రెండున్నర, మూడేళ్లకొకసారి అధికమాసం పడుతుంది. ఈ లెక్క మా వంటింటి మేకుకి వేలాడుతున్న, పసుపు వేలిముద్రల పంచాంగానికి తెలుసు. థోరిన్ వంశానికి తెలియదు.

ఒక సిద్ధాంతిగారిని పంపించి ఉంటే సరిపోయేది కదా అనుకుంటారు. అక్కడే నాకు కొంచెం టెన్షన్. పంపేటప్పుడు ఒక్కరినే పంపాలి. ఇద్దరిని పంపితే ఒకరు దృక్ పద్ధతిలో, ఒకరు పూర్వ పద్ధతిలో లెక్కగట్టి చెరో తేదీ అంటారు. ఏడుగురు మరుగుజ్జులు ఇవాళ, ఆరుగురు రేపు తలుపు దగ్గరికి వెళ్తారు. సెలవు ఏ రోజో చివరి నిమిషంలో మారుతుంది. నవ్వకండి, ఈ గొడవ అక్కడ ఆల్రెడీ వచ్చేసింది. పుస్తకంలో కన్నం చూపించింది సూర్యుడు. 2013 సినిమాలో చంద్రుడు! సినిమా థోరిన్ పొద్దు గుంకగానే తాళంచెవి పారేసి దిగి వెళ్లిపోయాడు. పాపం, ఆయన పుస్తకం పంచాంగాన్ని నమ్ముకున్నాడు.

అసలు ఘట్టం పుస్తకంలోనే బాగుంటుంది. మరుగుజ్జులు గునపాలతో గోడని పొడిచి, పిడులు విరగ్గొట్టుకుని, విసిగిపోయారు. శరత్తులో ఆఖరి వారం రేపటినుంచే అని థోరిన్ అన్నాడు కానీ, అసలు రోజు ఏదో ఎవరూ ఆలోచించలేదు. మర్నాడు సాయంత్రం ఒక ముసలి పిట్ట వచ్చి నత్తని రాతికేసి టకటకా కొట్టింది. అది చూసి ఉలిక్కిపడింది ఒక్క బిల్బో, పుస్తకం పేరులోని హాబిట్ అనే పొట్టి జాతివాడు. మరుగుజ్జు కాదు, పంచాంగం చదివినవాడు కాదు, దొంగతనానికి వాటా మీద తెచ్చుకున్నవాడు. పడమట సన్నటి నెలవంక. సూర్యుడు ఎర్రమబ్బులో దిగిపోయాడు. అందరూ ఉసూరుమన్నారు. అప్పుడు మబ్బు చీలికలోంచి వేలులా ఒక్క ఎర్రటి కిరణం వచ్చి రాతిమీద పడింది. చిన్న పెచ్చు ఊడిపడింది. నేలకి మూడడుగుల ఎత్తున కన్నం. ఇంతలో వెలుగు పోనేపోయింది.

తాళం తిరిగింది, తలుపు తెరుచుకుంది. లోపల చిమ్మచీకటి, ఆ చీకటి చివర డ్రాగన్. థోరిన్ గొంతు సవరించుకుని పెద్ద ఉపన్యాసం మొదలుపెట్టాడు. దాని సారాంశం, ముందు బిల్బోగారు వెళ్తారని.