సారీ చెప్పించడం వేరు, ఎదురుగా కూర్చోబెట్టడం వేరు

తప్పు చేసిన పిల్లాణ్ణి సస్పెండ్ చేయకుండా కూర్చోబెట్టి మాట్లాడటమంటే, పునరుద్ధరణ న్యాయం (తప్పు చేసినవాణ్ణీ నష్టపోయినవాణ్ణీ ఎదురెదురుగా కూర్చోబెట్టి, జరిగిన నష్టాన్ని సరిదిద్దించే పద్ధతి) పేరుతో మెత్తగా వదిలేయడమేనని ఒక వ్యాసంలో చదివాను. నేను ఒప్పుకోను. సస్పెన్షన్ అంటే వాడికి మూడు రోజులు సెలవు, అంతే. "నువ్వు చింపిన నోట్సు రాత్రి పన్నెండు దాకా మళ్లీ రాసుకున్నాను" అని అవతలివాడు ఎదురుగా కూర్చుని చెబుతుంటే వినడం అంతకంటే కష్టం. టీచరుగా ఒకసారి దగ్గరుండి చూశాను. అప్పటిదాకా నవ్వుతున్నవాడు చొక్కా గుండీ తిప్పుకుంటూ తల ఎత్తలేదు. మిగిలిన నోట్సు వారం రోజులు వాడే కూర్చుని రాసిచ్చాడు.

ఇదేమీ నిన్న మొన్నటి ఫ్యాషన్ కాదు. 1974లో కెనడాలోని ఎల్మైరాలో ఇద్దరు కుర్రాళ్లు తాగి 22 చోట్ల ఆస్తులు ధ్వంసం చేస్తే, ప్రొబేషన్ అధికారి సూచన మీద జడ్జి వాళ్లను బాధితుల దగ్గరికే పంపారు. తలుపు తట్టి, ముఖాముఖి ఒప్పుకుని, నష్టం కట్టారు. న్యూజిలాండ్ అయితే 1989లో చట్టమే చేసింది. బాలల నేరాల్లో కుటుంబాలనూ బాధితులనూ ఒకచోట కూర్చోబెడతారు.

ఒక్క భయం మాత్రం నిజమే. ఇష్టం లేని బాధితురాలిని "పోనీలే, రాజీ పడు" అని నెట్టడం దీని కిందకు రాదు. ఇంట్లో కొట్టే మనిషి ఎదుట ఆమె మనసులో మాట ఎలా చెబుతుంది? తప్పు చేసినవాడు ముందు ఒప్పుకోకపోతే అసలు కూర్చోబెట్టకూడదు. మా నోట్సు గొడవలో మేం ఆ ఇద్దరు పిల్లలతో ముందు విడివిడిగా రెండేసి సార్లు మాట్లాడాం. ఇంటర్వెల్లో పది నిమిషాల్లో సారీ చెప్పించి, షేక్‌హ్యాండ్ ఇప్పించి, దానికీ ఇదే పేరు పెట్టేస్తున్నారు చూడండి, నా కంప్లయింటల్లా దాని మీదే.