కాలు ఈడ్చుకుంటూ వచ్చిన మనిషిని ‘ఏమీ లేదు’ అని పంపేస్తారా?

ఎంఆర్ఐ నార్మల్, రక్తం నార్మల్, నరాల టెస్టు నార్మల్, కాబట్టి మీకేం లేదమ్మా, టెన్షన్ తగ్గించుకోండి. శ్రీకాకుళం, విజయనగరం పల్లెల నుంచి పుస్తెలు తాకట్టు పెట్టి విశాఖ దాకా వెళ్లిన ఎన్ని కుటుంబాలు ఈ మాట విని తిరుగు బస్సెక్కుతున్నాయో లెక్కే లేదు. ‘ఏటీ లేదంటాడేటి బాబూ, మరి కాలు రాదేటి?’ అని ఆ తల్లి అడిగే ప్రశ్నకి మన డాక్టర్ల దగ్గర జవాబు ఉంది, చెప్పరు అంతే.

దాని పేరు ఫంక్షనల్ న్యూరలాజికల్ డిజార్డర్, ఎఫ్ఎన్‌డీ అంటారు. ఒకప్పుడు హిస్టీరియా అని ఆడవాళ్లకి అంటగట్టిన జబ్బే, మగాళ్లకీ వస్తుంది. మెదడులో గడ్డ ఉండదు, నరం తెగి ఉండదు, కానీ మెదడు ఒంటిని నడిపించే తీరు గాడి తప్పుతుంది, దాంతో కాలు చచ్చుబడొచ్చు, చెయ్యి వణకొచ్చు, మాట పడిపోవచ్చు, ఫిట్స్ లాంటివి రావొచ్చు. ఇదేదో అరుదైన జబ్బు కూడా కాదు, న్యూరాలజీ ఓపీల్లో తలనొప్పి తర్వాత బాగా ఎక్కువగా కనపడేవాటిలో ఇదొకటి. మనసుకి దెబ్బ తగిలితేనే ఇది వస్తుందన్న షరతుని అమెరికా సైకియాట్రీ వాళ్లు 2013లో డీఎస్ఎం-5 అనే తమ మానసిక జబ్బుల నిర్ధారణ పుస్తకంలోనే తీసేశారు, మన దగ్గర మాత్రం ఇప్పటికీ అత్తగారిని పక్కన నిలబెట్టుకునే ‘ఇంట్లో ఏమైనా గొడవలా?’ అని కోడలిని అడుగుతారు. ఆ పిల్ల ఏం చెప్తుంది చెప్పండి.

అసలు నాకు మండేది ఎక్కడంటే, కాలూ చెయ్యీ విషయంలో ఈ జబ్బు కనిపెట్టడానికి మెషీనే అక్కర్లేదు. హూవర్ అనే అమెరికన్ డాక్టరు 1908లోనే చెప్పిన పరీక్ష ఒకటుంది. పేషెంటుని మంచమ్మీద పడుకోబెట్టి, చచ్చుబడిన కాలి మడమ కింద డాక్టరు చెయ్యి పెట్టి ‘కిందకి నొక్కమ్మా’ అంటాడు, నొక్కలేదు. ఇప్పుడు బాగున్న కాలు పైకెత్తమని, దాన్ని తన రెండో చేత్తో అణిచి పట్టుకుంటాడు. ఆవిడ ధ్యాసంతా బాగున్న కాలి మీదకి పోతుంది, అంతే, ఇందాక కదలని కాలి మడమ డాక్టరు చేతిని గట్టిగా కిందకి నొక్కేస్తుంది! అంటే బలం ఉంది, మెదడు నుంచి కాలికి నరాల దారి కూడా బాగానే ఉంది, కావాలని వాడదామనుకున్నప్పుడే అందట్లేదు. వణుకుకీ ఇలాంటిదే ఉంది, రెండో చేత్తో పాటకి వేసినట్టు తాళం వెయ్యమంటే వణుకు ఆ తాళంలోకి వచ్చేస్తుంది, లేదా కాసేపు ఆగిపోతుంది.

దీన్ని చూసి ‘దొరికిపోయింది, యాక్షన్’ అనే డాక్టర్లు ఉన్నారు చూడండి, వాళ్లకి ఈ పరీక్ష అర్థమే కాలేదు. యాక్షన్ అయితే 2010లో వచ్చిన ఒక మెదడు స్కానింగ్ స్టడీ ఏం చెప్తుంది? పేషెంట్ల అసలు వణుకునీ, వాళ్లే కావాలని తెప్పించుకున్న వణుకునీ పోల్చి చూస్తే, ‘ఇది నేనే చేస్తున్నా’ అనే భావనకి సంబంధించిన మెదడు భాగం అసలు వణుకప్పుడు తక్కువగా పనిచేసింది. చిన్న స్టడీయే, కాదనను. కానీ హూవర్ పరీక్షని పేషెంటుకే చూపించి ‘చూడమ్మా, నీ కాల్లో బలం ఉంది, దాన్ని తిరిగి అలవాటు చేద్దాం’ అంటే అక్కడే సగం భయం పోతుంది, వైద్యం మొదలైనట్టే.

ఫిట్స్ సంగతి ఇంకా ఘోరం. కళ్లు గట్టిగా మూసుకుని, తల అటూ ఇటూ తిప్పుతూ, నిమిషాల తరబడి సాగే ఫిట్స్ చాలావరకు మూర్ఛ కాదు, వీడియో ఈఈజీ, అంటే ఫిట్స్ వచ్చేటప్పుడు వీడియోతో పాటు మెదడు కరెంటు రికార్డు చేసే పరీక్ష, తీస్తే తేలిపోతుంది. మన ఊళ్లలో జరిగేదేంటి? ముందు గుప్పిట్లో తాళాలు పెడతారు, ముక్కు దగ్గర ఉల్లిపాయ, తర్వాత గాలి తగిలిందని వేపమండలు. అది అయ్యాక ఆర్ఎంపీ ఎప్టాయిన్ అనే మూర్ఛ మాత్ర రాస్తాడు, తగ్గకపోతే డోసు పెంచుతాడు, ఇంకోచోట వాల్‌ప్రోయేట్ అనే ఇంకో మూర్ఛ మందు కలుపుతారు. అది కడుపులో బిడ్డకి అవకరాలు తెచ్చే మందని తెలిసీ, పెళ్లీడు పిల్లకి, లేని మూర్ఛ కోసం! (కొందరికి రెండూ కలిసి ఉంటాయి, కాబట్టి నా వ్యాసం చదివి ఎవరూ మాత్రలు ఆపెయ్యకండి.)

డాక్టర్ల వైపు వాదన నాకు తెలుసు. ఓపీలో అంత జనం, ఒక్కో మనిషికి రెండు నిమిషాలు, ఎఫ్ఎన్‌డీ అనేశాక రేపు ఏ ట్యూమరో బయటపడితే ఎవరు జవాబుదారీ అని. భయం న్యాయమైనదే, కానీ 1970 తర్వాత వచ్చిన స్టడీలన్నీ కలిపి చూస్తే ఈ డయాగ్నోసిస్ తప్పయింది నూటికి దాదాపు నలుగురిలోనే. ‘ఏమీ లేదు’ అన్న మాట ఎంతమందిలో తప్పవుతుందో ఎవరైనా లెక్కేశారా?

నన్నడిగితే ఇది ఒక్క జబ్బు గొడవ కాదు. ఉత్తరాంధ్ర మనిషి నొప్పి చెప్తే నమ్మకపోవడం మన వ్యవస్థకి పాత అలవాటు. ఉద్దానంలో కవిటి, సోంపేట, కంచిలి జనం కిడ్నీలు పోతున్నాయని ఏళ్ల తరబడి మొత్తుకుంటే, పలాసలో 200 పడకల కిడ్నీ ఆసుపత్రి తెరుచుకునేసరికి 2023 వచ్చింది, అసలు కారణమేంటో ఇప్పటికీ తేలలేదు. అక్కడైనా కిడ్నీ ఎంత పాడైందో చెప్పే క్రియాటినిన్ అని కాగితమ్మీద ఒక అంకె ఉంది కాబట్టి చివరికి ఒప్పుకోక తప్పలేదు. ఎఫ్ఎన్‌డీ పేషెంటు దగ్గర చూపించడానికి ఆ అంకె కూడా లేదు, రిపోర్టులన్నీ ఆమెకి వ్యతిరేకంగానే సాక్ష్యం చెప్తాయి.

కావాల్సింది కోట్లు కూడా కాదు. ముందుకి నడవలేని మనిషి వెనక్కి చక్కగా నడవగలదని, లెక్కపెడుతూ నడిస్తే కాలు దారికొస్తుందని తెలిసిన ఫిజియోథెరపిస్టు ఒకరు టెక్కలిలో, ఒకరు రాజాంలో, ఒకరు బొబ్బిలిలో ఉంటే చాలు, అవసరమైన వాళ్లకి మాటలతో వైద్యం చేసే సైకాలజిస్టు జిల్లాకొకరు. ఎంఆర్ఐ మెషీన్‌కైతే రిబ్బన్ కత్తిరించొచ్చు, ఫోటో పడుతుంది, ఫిజియోథెరపిస్టు పోస్టుకి ఎవడు కత్తిరిస్తాడు? అప్పటిదాకా మీ ఇంట్లో ఎవరికైనా రిపోర్టులన్నీ నార్మల్ అని కాగితాలు చేతిలో పెడితే లేచి వచ్చెయ్యకండి, ‘హూవర్ టెస్టు చేశారా సార్, ఇది ఎఫ్ఎన్‌డీయా కాదా’ అని అడగండి. విసుక్కుంటారు, విసుక్కోనివ్వండి.