కుట్టుమిషను పెడితే ఇల్లు షాపైపోతుందా?

తెలంగాణలో ఇళ్ళ కరెంటు కేటగిరీ 1, దుకాణాలది కేటగిరీ 2. కరీంనగర్‌లో ముందు గదిలో బ్లౌజులు కుట్టుకునే ఒకామెకు, ఇంటి మీటరు మీద వ్యాపారం చేస్తున్నారంటూ నోటీసు వచ్చింది. ఆమె మేనమామ విద్యుత్ శాఖలో ఇంజనీరుగా చేసి రిటైరయ్యాడు. ఇద్దరికీ వాదన మొదలైంది.

మేనకోడలు: నలుగురం కాపురముంటున్న ఇల్లు మామయ్యా ఇది. ఒక్క మిషను పెట్టుకుంటే ఇల్లంతా షాపంటే ఎలా?

మేనమామ: మీటరుకు గదులు తెలియవమ్మా. 2003 విద్యుత్ చట్టం సెక్షన్ 126 ప్రకారం, కనెక్షన్ దేనికి తీసుకున్నామో దానికి కాకుండా వేరే పనికి వాడితే అది అనధికార వాడకమే. ఢిల్లీలో ఇంట్లో గెస్ట్ హౌస్ నడిపిన కేసులో 2000లో సుప్రీంకోర్టు కూడా కమర్షియల్ రేటే కట్టమంది.

మేనకోడలు: గెస్ట్ హౌసుకూ నా మిషనుకూ పోలికా? దీని మోటారు వంద వాట్లు. రోజుకు ఆరు గంటలు నడిపినా నెలకు 18 యూనిట్లే.

మేనమామ: ఇస్త్రీ పెట్టెను వదిలేశావేం? అది వెయ్యి వాట్లు. రోజుకో గంట వేసుకున్నా నెలకు 30 యూనిట్లు.

మేనకోడలు: సరే, మొత్తం 48. మా నెల వాడకం 180. ఇంటి రేటులో మొదటి వందకు 3.40, మిగతా 80కి 4.80 చొప్పున 724 రూపాయలు. కేటగిరీ 2లో 8.50, 9.90 చొప్పున 1,642. ఫిక్స్‌డ్ ఛార్జీలు కలపకుండానే ఇంత తేడా. 48 యూనిట్ల కోసం ఫ్రిజ్జుకూ, పిల్లలు చదువుకునే లైటుకూ షాపు రేటు కట్టాలా? పైగా గృహజ్యోతిలో 200 యూనిట్ల లోపు జీరో బిల్లు వస్తోంది. అదీ పోతుంది.

మేనమామ: మరి బజార్లో షట్టరు అద్దెకు తీసుకున్న టైలరు సంగతేంటి? అతనూ ఆ బ్లౌజులే కుడతాడు, కమర్షియల్ రేటు కడతాడు. ఇళ్ళకు మొదటి స్లాబుల్లో తక్కువ రేటు ఇవ్వగలుగుతున్నామంటే అలాంటి వాళ్ళు ఎక్కువ కట్టబట్టే కదా.

మేనకోడలు: అతను షాపు మీటరుకే షాపు రేటు కడతాడు. ఇంటికెళ్తే ఇంటి రేటే. నాకు మాత్రం ఇంటిక్కూడా షాపు రేటు! ఇది ఎక్కడి సమానం?

మేనమామ: అందుకే ముందు గదికి వేరే సర్వీసు తీసుకోమంటున్నా.

మేనకోడలు: డిపాజిట్టు, విడి వైరింగు, పని ఉన్నా లేకపోయినా నెలనెలా ఫిక్స్‌డ్ ఛార్జీ. పెళ్ళిళ్ళ సీజన్లో ఊపిరాడదు గానీ ఆషాఢంలో మిషను మూత తీయను. అప్పుడెవరు కడతారు? మహారాష్ట్రలో చూడండి. ఇంట్లో కొంత భాగంలో చిన్న వ్యాపారం చేసుకున్నా, నెలకు 300 యూనిట్లు, ఏడాదికి 3,600 దాటకపోతే ఇంటి రేటే వేయాలని అక్కడ కరెంటు రేట్లు ఖరారు చేసే రెగ్యులేటరీ కమిషన్ టారిఫ్‌లోనే, అంటే రేట్ల పట్టికలోనే రాసింది.

మేనమామ: అలా గీత గీస్తే రేపు ప్రతి షాపువాడూ వెనక గదిలో మంచం వేసి ఇల్లంటాడు. లైన్‌మన్ ఎన్ని ఇళ్ళు తిరిగి చూస్తాడు?

మేనకోడలు: యూనిట్లు మీటరే చెబుతుంది కదా, మంచం చూడటమెందుకు? ఇక్కడ మాత్రం చిన్నవాళ్ళకు విడిగా రేటు పెట్టలేదా? 200 యూనిట్ల లోపు వాడే సెలూన్లకు కేటగిరీ 2లోనే తక్కువ రేటుతో వేరే విభాగం ఉంది. వాళ్ళకు కుదిరింది ఇంట్లో కుట్టే ఆడవాళ్ళకెందుకు కుదరదు?

మేనమామ: అడగాల్సిందే, కాదనను. టారిఫ్ ప్రతిపాదనలు వచ్చినప్పుడు కమిషన్ అభ్యంతరాలు తీసుకుంటుంది, బహిరంగ విచారణలో నువ్వే వెళ్ళి మాట్లాడొచ్చు. కానీ చేతిలో ఉన్న నోటీసు అప్పటిదాకా ఆగదు. ఎప్పటి నుంచి వాడుతున్నావో తేలకపోతే వెనక్కి 12 నెలలకు, రెట్టింపు రేటుతో లెక్కగట్టి బిల్లు వేస్తారు, దాన్నే అసెస్‌మెంటు అంటారు. ఫైనల్ ఆర్డరుపై అప్పీలుకు 30 రోజులే గడువు, అదీ సగం సొమ్ము కట్టాకే. వినియోగదారుల కోర్టులు ఈ అసెస్‌మెంట్లను వినకూడదని 2013లో సుప్రీంకోర్టు తేల్చేసింది. ముందు అభ్యంతరం రాసివ్వు. మిషను ఎప్పుడు కొన్నావో బిల్లు జతచెయ్యి. గేటుకున్న బోర్డు తీసెయ్, తనిఖీకి వచ్చేవాళ్ళ కళ్ళు ముందు దానిమీదే పడతాయి.

మేనకోడలు: అభ్యంతరం ఈ రాత్రికే రాస్తా. మిషను ఎనిమిది నెలల కిందటే కొన్నాను, బిల్లుంది, పన్నెండు నెలలకు ఎలా వేస్తారో అడుగుతా. బోర్డు మాత్రం తీయను మామయ్యా. దొంగతనం చేయట్లేదుగా, దాక్కుని కుట్టడానికి!